ఇయ్యాల మ్యాచ్ దేంట్ల అస్తది?

2022 క్యాలెండర్ ఒక్కసారి గుర్తు తెచ్చుకోండి. జనవరిలో మనవాళ్ళు సౌతాఫ్రికాలో ఆడారు, హాట్‌స్టార్. ఐపీఎల్, అదీ హాట్‌స్టారే. జూన్, జూలైల్లో ఐర్లాండ్, ఇంగ్లండ్ పోయారు, సోనీలివ్. అక్కణ్ణుంచి వెస్టిండీస్‌లో దిగారు, ఫ్యాన్‌కోడ్. ఆగస్టు చివర్లో ఆసియా కప్, మళ్ళీ హాట్‌స్టార్. నవంబర్‌లో న్యూజిలాండ్, అమెజాన్ ప్రైమ్. డిసెంబర్‌లో బంగ్లాదేశ్, మళ్ళీ సోనీలివ్. ఒక్క జట్టు, ఒక్క ఏడాది, నాలుగు యాప్‌లు. ఇందులో జింబాబ్వే సిరీస్ చెప్పనేలేదు. అది చూసినవాళ్ళుంటే చేతులెత్తండి :)

మాది గోదావరిఖని. ఒకప్పటి కరీంనగర్ జిల్లా, 2016 అక్టోబర్ నుంచి పెద్దపల్లి జిల్లా. బాపు సింగరేణిలో చేసి రిటైరయ్యాడు. ఆయనకున్న వ్యసనం ఒక్కటే, క్రికెట్. నెలకి నాలుగైదు సార్లు ఫోన్ చేసి, బాగున్నావా అని కూడా అడక్కుండా ఒకే ప్రశ్న వేస్తాడు. "ఇయ్యాల మ్యాచ్ దేంట్ల అస్తదిరా?"

ఆ "దేంట్ల" అన్న మాటని గమనించండి. నేను స్కూల్లో ఉన్నప్పుడు ఈ ప్రశ్నే లేదు. 1996 వరల్డ్ కప్ అంటే దూరదర్శన్. యాంటెన్నా ఎటు తిప్పాలన్నదే సమస్య, దానికి డాబా మీద ఒకడు, కిటికీ దగ్గర ఒకడు ఉంటే చాలు. తర్వాత కేబుల్ వచ్చింది, "ఎన్నో నంబర్ ఛానల్" అయింది. ఇప్పుడు ఏ కంపెనీ, ఏ యాప్, ఏ ప్లాన్, ఫోన్‌లోనా టీవీలోనా, ఇవన్నీ కలిపి ఆ ఒక్క మాటలో ఉన్నాయి. ఇంజనీరు కొడుకున్నది ఎందుకు, చెప్పాలి గదా.

మన ఫీల్డ్‌లో ఉన్నవాళ్ళకి ఇది ఎంత విచిత్రమో చెప్తాను. లైవ్ స్ట్రీమింగ్‌లో కష్టమైన భాగం మనవాళ్ళు ఎప్పుడో చేసి చూపించారు. 2019 జూలైలో న్యూజిలాండ్‌తో సెమీఫైనల్‌ని హాట్‌స్టార్‌లో ఒకే క్షణంలో 2.53 కోట్ల మంది చూశారు. 2023 నవంబర్ 19న అహ్మదాబాద్ ఫైనల్‌ని అదే చోట ఒకేసారి 5.9 కోట్ల మంది చూశారు. సర్వర్ పడిపోలేదు (మన బ్యాటింగ్ గురించి నేను మాట్లాడను). హాట్‌స్టార్ ఇంజనీర్లు బయట సభల్లో చెప్పిన ఒక సంగతి నాకు భలే నచ్చింది. మ్యాచ్ చూసే జనం కంటే మ్యాచ్ వదిలేసే జనమే ప్రమాదమట. ధోనీ ఔటవగానే కోట్లమంది ఒకేసారి బ్యాక్ బటన్ నొక్కుతారు. వీడియో ట్రాఫిక్ దబ్బున పడిపోతుంది గానీ, హోం పేజీ మీద, దాని వెనకున్న ఏపీఐల మీద ఒక్కసారిగా తుపాను. మామూలు ఆటోస్కేలింగ్ నిద్రలేచేలోపు అంతా అయిపోతుంది. అందుకని ముందే లెక్కలు వేసుకుని మిషన్లు సిద్ధంగా పెట్టుకుంటారు. ఒక రనౌట్‌కి కెపాసిటీ ప్లానింగ్ చేసే దేశం ఇంకోటి ఉంటుందా!

ఇంత చేసినోళ్ళకి, డెబ్భై ఏళ్ళ మనిషికి "మ్యాచ్ ఇక్కడుంది, ఇది నొక్కు" అని చెప్పడం ఎందుకు చేతగావట్లేదు? చేతగాక కాదు. అది ఎవరూ పరిష్కరించాలనుకున్న సమస్య కాదు. ఈ సంగతి నాకు క్రికెట్ కంటే బేస్‌బాల్ వల్లే బాగా అర్థమైంది.

నేను కొన్నేళ్ళు డాలస్ పక్కన అర్వింగ్‌లో ఉన్నాను. (అర్వింగ్‌లో తెలుగు మాట్లాడకుండా సరుకులు కొనడమే కష్టం, అది వేరే కథ.) మా టీంలో ఒక పెద్దాయన, టెక్సాస్ రేంజర్స్ జట్టంటే ప్రాణం. రేంజర్స్ గ్రౌండ్ ఉండే ఆర్లింగ్టన్ మా ఆఫీసుకి పదిహేను ఇరవై మైళ్ళ లోపే. ఆయన ఎంఎల్‌బీ.టీవీకి ఏటా డబ్బు కట్టేవాడు. అది మేజర్ లీగ్ బేస్‌బాల్ వాళ్ళ సొంత స్ట్రీమింగ్. అందులో న్యూయార్క్ ఆట వస్తుంది, సియాటిల్ ఆట వస్తుంది, అన్నీ వస్తాయి. రేంజర్స్ ఆట రాదు. పెట్టగానే మీ ప్రాంతంలో ఇది అందుబాటులో లేదని నల్ల తెర. దీన్ని బ్లాకౌట్ అంటారు. అమెరికా, కెనడా దాటితే ఈ స్థానిక బ్లాకౌట్ వర్తించదు. అంటే ఆయన తన సబ్‌స్క్రిప్షన్ పట్టుకుని మా గోదావరిఖనికొస్తే రేంజర్స్ ఆట లైవ్‌లో హాయిగా చూడొచ్చు. ఇంట్లో కూర్చుంటే మాత్రం చూడలేడు. ఆయనకీ మాట చెప్తే చాలాసేపు నవ్వి, "మీ ఊళ్ళో అద్దెలెంత" అన్నాడు.

ఇది టెక్నాలజీ లోపం అనుకుంటే పొరపాటు. బేస్‌బాల్ వాళ్ళు ఈ విషయంలో అందరికంటే ముందున్నారు. 30 జట్ల యజమానులు కలిసి 2000లోనే ఒక ఇంటర్నెట్ కంపెనీ పెట్టుకున్నారు. 2002 ఆగస్టు 26న యాంకీస్, రేంజర్స్ ఆటని ఇంటర్నెట్‌లో లైవ్ వీడియోగా ఇచ్చారు, చూసినవాళ్ళు ముప్పై వేల మంది దాకా. అప్పటికి యూట్యూబ్ పుట్టలేదు. మనమింకా నెట్ సెంటర్‌లో గంటకింతని కడుతున్నాం. ఆ కంపెనీలో తయారైన స్ట్రీమింగ్ సాంకేతికతే తర్వాత బామ్‌టెక్ అయింది. డిస్నీ 2016లో అందులో మూడో వంతు, 2017లో మెజారిటీ వాటా కొంది. 2019 నవంబర్‌లో వచ్చిన డిస్నీ ప్లస్‌కి పునాది అదే. అంటే ఆట చూపించడానికి పుట్టిన ఇంజను సినిమాలు చూపించే స్థాయికి పోయింది, సొంత ఊరి ఆట మాత్రం సొంత ఊళ్ళో చూపించలేకపోయింది.

కారణం కాంట్రాక్టు. ప్రతి జట్టుకీ "సొంత ఇలాకా" అని ఒక మ్యాప్ ఉంటుంది. ఆ ఇలాకాలో ఆట చూపించే హక్కుని ఆ ప్రాంతపు కేబుల్ స్పోర్ట్స్ ఛానల్‌కి పెద్ద మొత్తానికి అమ్ముకుంటారు. ఆ ఛానల్‌కి డబ్బు క్రికెట్ ఊసెత్తనివాడు కూడా కట్టే కేబుల్ బిల్లులోంచి వస్తుంది. లీగ్ అదే ఆటని ఇంటర్నెట్‌లో నేరుగా ఇస్తే ఛానల్ ఎవడు కొంటాడు? అందుకని కంచె. ఈ ఇలాకాల మ్యాప్ ఎంత అందంగా ఉంటుందంటే, అయోవా రాష్ట్రంలో ఒక్క మేజర్ లీగ్ జట్టు కూడా లేదు, కానీ చుట్టుపక్కల ఆరు జట్లు అది మా ఇలాకా అంటాయి. చికాగోవి రెండు, సెయింట్ లూయిస్, కాన్సస్ సిటీ, మిల్వాకీ, మినెసోటా. అక్కడుండేవాడికి ఆరు జట్ల ఆటలు బంద్. (పైన "క్రికెట్ ఊసెత్తనివాడు" అన్నాను, బేస్‌బాల్ అని చదువుకోండి. చెయ్యి అలవాటు.)

చివరికి డాలస్‌లో కంచె ఎలా కూలిందో తెలుసా? అభిమానుల మొర విని కాదు. జనం కేబుల్ కనెక్షన్లు పీకేసుకోవడం మొదలుపెట్టారు, అలాంటి ప్రాంతీయ ఛానళ్ళు బోలెడు నడిపే డైమండ్ స్పోర్ట్స్ కంపెనీ 2023 మార్చిలో దివాళా పిటిషన్ వేసింది. 2025 సీజన్‌కి రేంజర్స్ సొంతంగా నెట్‌వర్క్ పెట్టుకుని, ఆ ఊరి వాళ్ళకి విక్టరీ ప్లస్ అనే యాప్‌లో ఆట ఇచ్చింది. అంతలోనే ఇంకో చీలిక. 2025 నవంబర్‌లో ప్రకటించిన ఒప్పందాల ప్రకారం 2026 నుంచి ఆదివారం రాత్రి ఆట ఎన్‌బీసీకి, సీజన్ మొదటి రాత్రి నెట్‌ఫ్లిక్స్‌కి, ఎంఎల్‌బీ.టీవీ అమ్మే హక్కు ఈఎస్‌పీఎన్‌కి. శుక్రవారాలు 2022 నుంచే యాపిల్‌వి. మా పెద్దాయన ఇప్పుడు తన కొడుక్కి ఫోన్ చేసి ఏమడుగుతుంటాడో మీకు చెప్పక్కర్లేదు.

ఇంటికి దగ్గరున్నవాడికే ఆట అందకపోవడం అన్నది మనకీ జరిగింది. 2007 జనవరి 21, నాగ్‌పూర్‌లో వెస్టిండీస్‌తో వన్డే. గంగూలీ మళ్ళీ జట్టులోకొచ్చి 98 దగ్గర రనౌటయిన మ్యాచ్. ఆదిలాబాద్‌కి హైదరాబాద్ కంటే నాగ్‌పూర్ దగ్గర. ఆస్పత్రికి, పత్తి బేరానికి అటే పోయేవాళ్ళు చాలామంది. ఆ మ్యాచ్ దూరదర్శన్‌లో లైవ్ రాలేదు. హక్కులు కొన్న నింబస్ కంపెనీ తన కొత్త ఛానల్ నియోలోనే చూపిస్తానంది, ప్రసార భారతితో పేచీ తెగలేదు. కేబుల్‌లో నియో లేనోడికి, అసలు కేబులే లేనోడికి, నాలుగు గంటల ప్రయాణం దూరంలో జరిగే ఆట అమెరికాలో జరిగినట్టే. తర్వాతి మ్యాచ్‌కి ఢిల్లీ హైకోర్టు 7 నిమిషాల ఆలస్యంతో దూరదర్శన్‌కి ఇమ్మంది. ఏడు నిమిషాల పాత సిక్సర్! ఆ గొడవలోంచే ఆర్డినెన్సు, తర్వాత అదే ఏడాది చట్టం వచ్చింది. జాతీయ ప్రాముఖ్యం ఉన్న ఆటల సిగ్నల్‌ని ఎవరు కొన్నా ప్రసార భారతితో పంచుకోవాలి, ప్రకటనలు లేని సిగ్నల్ ఇవ్వాలి.

దీనికంటే ముందుది ఇంకోటుంది. 1993 హీరో కప్‌ని బెంగాల్ క్రికెట్ సంఘం విదేశీ కంపెనీకి అమ్మితే, దూరదర్శన్ అడ్డం తిరిగింది. కేసు సుప్రీంకోర్టు దాకా పోయింది. 1995 ఫిబ్రవరి 9న తీర్పు. గాలిలో తరంగాలు ప్రజల ఆస్తి, వాటిమీద సర్కారుకైనా కంపెనీకైనా గుత్తాధిపత్యం ఉండకూడదని దాని సారాంశం. ధర్మాసనంలో జస్టిస్ బి.పి. జీవన్ రెడ్డి ఉన్నారు, మన ఆంధ్రప్రదేశ్ హైకోర్టులో జడ్జిగా చేసినాయన, విడిగా తీర్పు రాశారు. ఈ దేశంలో ప్రైవేటు ఛానళ్ళకి తలుపు తెరిచిన తీర్పు అని అందరూ అంటారు. తలుపు ఒక క్రికెట్ మ్యాచ్ కోసం తెరుచుకుందన్నది మాత్రం ఎవరికీ గుర్తుండదు.

2007 చట్టంతో కథ సుఖాంతం అనుకున్నారు చాలామంది. అసలు మెలిక 2017 ఆగస్టులో వచ్చింది. దూరదర్శన్‌తో పంచుకున్న సిగ్నల్ దూరదర్శన్ సొంత టవర్లలో, సొంత ఫ్రీ డిష్‌లో మాత్రమే పోవాలి, ప్రైవేటు కేబుల్‌లో, డీటీహెచ్‌లో పోకూడదని సుప్రీంకోర్టు తేల్చింది. కంపెనీల వాదన అర్థం కానిదేం కాదు. కోట్లు పోసి కొన్నాం, కేబుల్‌వాడు దూరదర్శన్ పేరుతో మా ఆట ఊరికే చూపిస్తే మా ఛానల్ ఎవరు కొంటారు? డాలస్‌లో విన్న వాదనే. ఫలితం ఏమైందంటే, ఒకే వాడలో, ఒకే దూరదర్శన్ ఛానల్ పెట్టుకున్న రెండిళ్ళలో, ఫ్రీ డిష్ ఉన్నాయన ఇంట్లో మ్యాచ్, నెలనెలా కేబుల్ బిల్లు కట్టే బాపు ఇంట్లో ఇంకేదో కార్యక్రమం. "పైసలు కట్టెటోనికి రాదు, కట్టనోనికి అస్తది. గిదేం నాయం?" అన్నాడు బాపు. నా దగ్గర జవాబుంది, కానీ చట్టం సెక్షన్ నంబర్లతో బాపుకి జవాబు చెప్పలేం. టవర్లైనా ఉన్నాయా అంటే, 2022 మార్చి నాటికి దూరదర్శన్ అనలాగ్ టవర్లు దాదాపు అన్నీ మూసేశారు. యాంటెన్నా కథ ముగిసింది. రెండు వేల లోపు పడేసి నేనే ఫ్రీ డిష్ పెట్టించాను. ఇండియా ఇక్కడ ఆడే వన్డేలకి, టీ20లకి అంతకంటే చవకైన, గట్టి ఏర్పాటు లేదు. ఊళ్ళో పెద్దవాళ్ళున్న వాళ్ళందరికీ ఇదే చెప్తాను.

ఐపీఎల్‌కి అదీ లేదు. ఐపీఎల్ జాతీయ ప్రాముఖ్యం జాబితాలోది కాదు, అచ్చంగా వ్యాపారం. 2022 జూన్‌లో అయిదేళ్ళ హక్కులు 48,390 కోట్లకి పోయాయి. అందులో దేశంలో టీవీ హక్కు 23,575 కోట్లకి స్టార్‌కి, డిజిటల్ హక్కు 20,500 కోట్లకి వయాకామ్18కి. ఇద్దరికీ పోటీ పడింది కాబట్టి 2023లో జియోసినిమా ఐపీఎల్‌ని ఉచితంగా ఇచ్చేసింది, తెలుగుతో కలిపి పన్నెండు భాషల్లో. హాట్‌స్టార్ తట్టుకోలేక అదే ఏడాది వరల్డ్ కప్‌ని ఫోన్‌లో ఉచితం చేసింది. మనవాళ్ళకి పండగ. ఆ పండగ ఎన్నాళ్ళుంటుందో కొద్దిగా లెక్కలొచ్చిన ఎవరికైనా తెలుసు. 2024 నవంబర్‌లో రెండు కంపెనీలూ కలిసిపోయాయి, 2025 ఫిబ్రవరి 14న జియోహాట్‌స్టార్ పుట్టింది, కాసేపు ఉచితం, తర్వాత డబ్బు. మొదలైనప్పుడు అన్నిటికంటే చవక ప్లాన్ మూడు నెలలకి 149 రూపాయలు.

149 ఎక్కువేం కాదు. పేచీ ఎక్కడంటే, ఆ చవక ప్లాన్ ఫోన్‌కి మాత్రమే. ఆ "ఉచితం" కూడా ఫోన్‌లోనే. ఎప్పుడు చూసినా ఈ వ్యాపారంలో చిన్న తెరకి ఒక ధర, పెద్ద తెరకి ఇంకో ధర. కుర్రాళ్ళకి ఇది పట్టదు, బస్సులో చూస్తారు. కానీ రెండు కళ్ళకీ శుక్లాల ఆపరేషన్ అయిన మనిషికి ఆరంగుళాల తెరలో బంతి కనపడదు. 2024 జూన్‌లో అమెరికా పాకిస్తాన్‌ని ఓడించిన మ్యాచ్ బాపు ఫోన్‌లోనే చూశాడు. సూపర్ ఓవర్ వేసిన నేత్రావల్కర్ ఒరాకిల్‌లో సాఫ్ట్‌వేర్ ఇంజనీరని చెప్తే, "మరి నువ్వేం జేస్తున్నవ్‌రా" అన్నాడు. ఆ ఆట జరిగిన గ్రాండ్ ప్రెయిరీ స్టేడియం అర్వింగ్ పక్కనే, అంతకుముందు ఎయిర్‌హాగ్స్ అనే జట్టు బేస్‌బాల్ ఆడిన మైదానం. బేస్‌బాల్ పోయి క్రికెట్ వచ్చింది. 2023లో మొదలైన మేజర్ లీగ్ క్రికెట్‌కి అదే ముఖ్యమైన గ్రౌండు. ఆ లీగ్‌లో సియాటిల్ జట్టులో సత్య నాదెళ్ళ పెట్టుబడి ఉంది. అమెరికాలో అది చూడాలంటే విల్లో కొనాలి, అది మళ్ళీ వేరే బిల్లు.

బిల్లు కట్టాక కూడా పని అయిపోదు. ఫోన్ నంబర్, ఓటీపీ, పేరు, వయసు, ఏ భాష, ఇంకెవరెవరు చూస్తారు.. "నేను ఆట సూస్తనంటే నా జాతకం అడుగుతాందేందిరా గిది?" అని బాపు విసుక్కుంటాడు. ఓటీపీ నాకొస్తుంది, నేను మీటింగ్‌లో ఉంటాను. ఒక యాప్‌లో అయితే, ఇక్కడ హైదరాబాద్‌లో పిల్లలు కార్టూన్ పెట్టారని అక్కడ ఆఖరి ఓవర్‌లో బాపు టీవీ ఆగిపోయింది, ఎక్కువ పరికరాలు వాడుతున్నారని. ఎంటైటిల్‌మెంట్ సర్వీస్ సరిగ్గానే పనిచేసింది పాపం, అలర్ట్ కూడా రాసుండదు.

అన్నీ కుదిరినా ముప్పై సెకన్ల గొడవ ఒకటుంది. యాప్‌లో వీడియో ఆరేసి సెకన్ల ముక్కలుగా వస్తుంది, ప్లేయర్ రెండు మూడు ముక్కలు వెనకుండి మొదలెడుతుంది, ఎన్‌కోడింగ్, సీడీఎన్ ఆలస్యం కలిస్తే అరనిమిషం ఈజీగా. పక్కింట్లో కేబుల్. బౌలర్ ఇంకా బంతి తుడుచుకుంటుండగానే గోడ అవతల కేక వినిపిస్తుంది. ఔటో, సిక్సో కేక తీరుని బట్టి తెలిసిపోతుంది. బాపు ఇప్పుడు మ్యాచ్ మొదలవగానే కిటికీలు మూసేస్తున్నాడు, మే నెల గోదావరిఖని ఎండల్లో! లో-లేటెన్సీ మీద పనిచేసేవాళ్ళు ఎవరైనా ఇది చదువుతుంటే, మీ టికెట్‌కి ఇదొక యూజర్ స్టోరీ అనుకోండి.

ఇంత తతంగం ఉంటే జనం ఏం చేస్తారు? అడ్డదారి. ఊళ్ళోని వాట్సాప్ గుంపుల్లో మ్యాచ్ రోజు పొద్దున్నుంచే "అన్నీ ఫ్రీ" అని ఏపీకే ఫైళ్ళు తిరుగుతాయి. మంచిర్యాలలో మా బంధువొకాయన పంపించిన దాన్ని ఒకసారి విప్పి చూశాను. క్రికెట్ చూపించే యాప్‌కి ఎస్సెమ్మెస్‌లు చదివే పర్మిషన్ ఎందుకు? బ్యాంకు ఓటీపీలు వచ్చేది అక్కడే గదా. దొంగ స్ట్రీమ్ తప్పా ఒప్పా అన్న ధర్మసందేహం తర్వాత చూద్దాం, ముందు పెన్షన్ ఖాతా ఉన్న ఫోన్‌లో అది పెట్టకండి అని ఆయనకి గట్టిగా చెప్పాను. "మరి నువ్వే సక్కంగ చూసే తోవ చెప్పు బావా" అన్నాడు. న్యాయమైన మాట. దొంగ లంకె ఒక్క క్లిక్కు, అసలు దారి పదకొండు తెరలు. ధర గురించి తర్వాత మాట్లాడుకోవచ్చు, అసలు దారి దొంగదారంత సులువుగా లేనప్పుడు జనాన్ని తిట్టి లాభం లేదు.

ఇంకో మాట కూడా అనుకుంటాను. ఈ కంచెలు ఎవరు కడుతున్నారు? ఐపీ చూసి జిల్లా కనిపెట్టేది, డీఆర్ఎం తాళాలేసేది, వీపీఎన్ పెడితే పట్టుకునేది, ఫోన్ ప్లాన్‌తో టీవీకి క్యాస్ట్ చేయబోతే ఆపేది, ఇదంతా హైదరాబాద్, బెంగళూరుల్లో మన క్యాబిన్లలోనే రాస్తున్నారు. నాకు తెలిసినవాడొకడు ఇదే పని చేస్తాడు, వాళ్ళ నాన్నది ఉట్నూరు. సెలవులకి ఇంటికెళ్ళి తను రాసిన కోడ్‌ని దాటించడానికి తనే తిప్పలు పడతాడు. వాణ్ణి అనడానికి లేదు, రిక్వైర్‌మెంట్ వచ్చింది, రాశాడు. కానీ ఆ రిక్వైర్‌మెంట్ మీటింగ్‌లో "ముసలాయన, పెద్ద తెర, ఒక్క మ్యాచ్‌కి మాత్రం డబ్బు కడతాడు" అని ఎవరూ అనలేదంటే ఆశ్చర్యమే. ఒక్క మ్యాచ్ టికెట్ గ్రౌండ్‌లో అమ్ముతారు, యాప్‌లో ఎందుకు మామూలు విషయం కాలేదో నాకిప్పటికీ బోధపడదు. యూపీఐలో పది రూపాయల చాయ్‌కి డబ్బు కట్టే దేశంలో.

నెట్ సంగతి నెమ్మదిగా మారుతోంది. 2024 డిసెంబర్‌లో టీ-ఫైబర్ ప్రయోగంగా మొదలైన ఊళ్ళలో మా పెద్దపల్లి జిల్లా అడవి శ్రీరాంపూర్ ఒకటి. తీగ వచ్చినంత మాత్రాన మ్యాచ్ రాదు, అది పైన చెప్పిందే.

నేను చేయగలిగింది చిన్నది, చేస్తున్నాను. గోదావరిఖని, మంచిర్యాల, జగిత్యాల చుట్టాలున్న వాట్సాప్ గ్రూపులో మ్యాచ్ రోజు పొద్దున ఒక మెసేజ్ పెడతాను. 2025 ఎండాకాలంలో పెట్టినది ఇలా ఉండేది. "ఇండియా - ఇంగ్లండ్ టెస్ట్. పగలు మూడున్నరకు. టీవీల అయితే సోనీ. ఫోన్ల అయితే జియోహాట్‌స్టార్." చూడండి, ఒకే మ్యాచ్, టీవీలో ఒక కంపెనీ, ఫోన్లో ఇంకో కంపెనీ. దీన్ని స్క్రిప్టు రాసి ఆటోమేట్ చేద్దామని కూర్చున్నాను. షెడ్యూల్ దొరుకుతుంది గానీ, ఏ యాప్‌లో అన్నది పత్రికా ప్రకటనల్లో, ప్రకటన బొమ్మల్లో దాక్కుని ఉంటుంది. అందుకే చేత్తోనే రాస్తున్నా. రెండు నిమిషాల పని. ఆ రోజుల్లో బాపు ఫోన్ చేసి నేరుగా "బాగున్నవారా" అంటాడు, అది అదనపు లాభం.

కాగజ్‌నగర్‌లో మా మేనకోడలుంది, తొమ్మిదో తరగతి. 2025 జనవరిలో అండర్-19 మహిళల వరల్డ్ కప్ జరుగుతుంటే, భద్రాచలం అమ్మాయి గొంగడి త్రిష సెంచరీ కొట్టిన రోజున, "ఆడోళ్ళ మ్యాచులు గూడ పెట్టు మామా" అని అడిగింది. అప్పట్నుంచి అవీ పెడుతున్నాను. నవంబర్ 2న హర్మన్‌ప్రీత్ జట్టు కప్పు గెలిచిన రాత్రి, వానతో ఆలస్యమై పన్నెండు దాటినా గ్రూపులో ఎవరూ పడుకోలేదు. తర్వాత ఆ పిల్ల ఇంకో ప్రశ్న వేసింది. "మా స్కూలు మ్యాచ్ దేంట్ల అస్తది?" వాళ్ళ జట్టు మొన్న మంచిర్యాలలో ఆడింది. పీఈటీ సారు తన ఫోన్‌ని బైకు హ్యాండిల్‌కి రబ్బరు బ్యాండుతో కట్టి యూట్యూబ్‌లో లైవ్ పెట్టాడట. ఓటీపీ లేదు, ఇలాకా లేదు, గాలికి ఫోన్ ఊగి సగం ఆట ఆకాశమే కనపడింది. చూసినవాళ్ళు 43 మంది. గ్రూపులో లంకె పెట్టాను, బాపు పెద్ద తెర మీదే చూశాడు.